హసీనా అప్పగింత: ఒప్పందంలో అసలేం రాసుకున్నాం?

యాంకర్: బంగ్లాదేశ్ ప్రధానిగా ఉన్న షేక్ హసీనా 2024 ఆగస్టు 5న ఢాకా వదిలి మన హిండన్ ఎయిర్‌బేస్‌లో దిగారు. డిసెంబరులో బంగ్లాదేశ్ ఆమెను అప్పగించమంది, 2024లో విద్యార్థుల ఉద్యమాన్ని రక్తపాతంతో అణచివేసిన కేసులో 2025 నవంబరు 17న అక్కడి ట్రిబ్యునల్ ఉరిశిక్ష వేసింది. మేడమ్, రెండు దేశాల మధ్య నేరస్థుల అప్పగింత ఒప్పందం ఉంది కాబట్టి పంపక తప్పదా?

న్యాయవాది: 2013లో ఒప్పందం కుదిరింది, 2016లో దాన్ని ఇంకా సులువు చేశారు. సాక్ష్యాధారాలు పంపక్కర్లేదు, కోర్టు వారెంటు చాలు. ఆ సవరణ జరిగింది హసీనా ప్రధానిగా ఉన్నప్పుడే.

మాజీ దౌత్యాధికారి: రాజకీయ నేరమైతే పంపక్కర్లేదని ఆరో అధికరణం ఉంది కదమ్మా.

న్యాయవాది: ఉంది సార్, కానీ హత్యను రాజకీయ నేరంగా చూడకూడదని కూడా అందులోనే ఉంది, టీవీల్లో అందరూ మొదటి ముక్క చదివి ఆపేస్తున్నారు. కాదనాలంటే మనం ఎనిమిదో అధికరణం పట్టుకోవాలి, అంటే ఈ కేసు న్యాయం కోసం మంచి ఉద్దేశంతో పెట్టింది కాదు అనాలి. పొరుగుదేశం కోర్టు మీద మాకు నమ్మకం లేదని మొహం మీదే చెప్పడం అది!

మాజీ దౌత్యాధికారి: నమ్మకం ఎలా ఉంటుంది? ఆమె లేకుండానే విచారణ చేశారు, ఆమె తరఫు లాయరును కూడా ప్రభుత్వమే పెట్టింది. అస్సాం వేర్పాటువాద సంస్థ ఉల్ఫా నాయకుడు అనూప్ చెటియాను 2015 నవంబరులో మనకు అప్పగించింది ఆమె ప్రభుత్వమే, మనమూ ఆ రోజుల్లోనే బంగ్లాదేశ్‌లోని నారాయణగంజ్ ఏడు హత్యల కేసు నిందితుణ్ని వాళ్లకు పంపాం. రెండు ప్రభుత్వాలకూ పొసిగిన రోజులవి. మనకు అంత సాయపడ్డ మనిషిని ఇప్పుడు ఉరికంబం దగ్గరకు పంపమంటే నా మనసు ఒప్పుకోదు.

యాంకర్: మరి ఆ ఉద్యమంలో బిడ్డల్ని పోగొట్టుకున్నవాళ్ల మాటేంటి సార్?

విలేకరి: అదే నేనూ అడుగుదామనుకుంటున్నా. 2024 జులై, ఆగస్టుల్లో 1,400 మంది వరకూ చనిపోయి ఉండొచ్చని, వాళ్లలో 12, 13 శాతం పిల్లలేనని ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కార్యాలయం చెప్పింది. ఇక్కడ మనం అధికరణాల నంబర్లు లెక్కపెడుతుంటే, ఆ తల్లిదండ్రులకు ఢిల్లీ మౌనం ఒక్కటే వినిపిస్తోంది.

న్యాయవాది: నేనూ ఉరికి ఒప్పుకోను. కానీ కాదనేటప్పుడు కారణం రాసివ్వాలి అంటున్నాను. నేరస్థుల అప్పగింతపై మన 1962 చట్టంలో మేజిస్ట్రేట్ విచారణ ఉంది, ఆఖరి మాట మాత్రం కేంద్రానిదే. 'పరిశీలిస్తున్నాం' అని మన విదేశాంగ శాఖ 2025 నవంబరులో చెప్పింది, అది జవాబు కాదు.

మాజీ దౌత్యాధికారి: రాతపూర్వకంగా ఇస్తే ఢాకాతో ఉన్న కాస్త మాటా తెగిపోతుందమ్మా.

న్యాయవాది: ఇవ్వకపోతే అక్కడి జనంతో తెగిపోతుంది సార్.