అచ్చులో లేని పుస్తకానికి కాపీరైటు

సభకు నమస్కారం.

రవీంద్రనాథ్ ఠాగూర్ 1941లో కన్నుమూశారు. రచయిత పోయాక 50 ఏళ్లు దాటితే రచనలు జనం సొత్తవుతాయని అప్పటి మన చట్టం. ఆ లెక్కన ఆయన రచనల మీద, ఆయన స్థాపించిన విశ్వభారతి విశ్వవిద్యాలయానికున్న హక్కు 1991తో తీరిపోవాలి. ఆ గడువు ముంచుకొచ్చేసరికి ప్రభుత్వం 50ని 60 చేసింది. పెంపు ఠాగూర్‌తో ఆగలేదు, అన్ని భాషల రచయితలకూ వర్తించింది. మన శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రి గారు పోయింది 1961లో. పాత లెక్క ఉండి ఉంటే 2012 జనవరి నుంచే ఆయన కథలు ఎవరైనా వేసుకునేవారు. 2022 దాకా ఆగాల్సి వచ్చింది. జాషువా గారి పద్యాలకు 2031 చివరి దాకా, శ్రీశ్రీ గారి కవితలకు 2043 చివరి దాకా గడువుంది.

కళాకారుడికి దక్కాల్సింది దక్కాల్సిందే. సినిమా పాటే చూడండి. రాసినవారు, స్వరం కట్టినవారు ఒక్కసారి నిర్మాతకు సంతకం పెట్టిచ్చాక, ఆ పాట రేడియోలో ఎన్నేళ్లు మోగినా వాళ్లకు పైసా రాని రోజులుండేవి. 2012లో చట్టాన్ని సవరించారు. సినిమా హాలు బయట ఆ పాటను వాడుకుంటే వచ్చే రాయల్టీలో వాళ్లకు సమాన వాటా ఉంది. ఆ వాటాను నిర్మాతకు రాసిచ్చినా చెల్లదు. కూడు పెట్టే హక్కంటే అది. ఇంకా గట్టిగా అమలు కావాలని కోరుకుంటాను.

నా బాధ అచ్చులో లేని పుస్తకం గురించి. వారసులు తలో ఊళ్లో ఉంటారు. హక్కు తమదన్న సంగతే కొందరికి తెలియదు. వేద్దామనుకున్న ప్రచురణకర్తకు ఎవరిని అడగాలో తెలియదు. రూపాయి ఎవరికీ రాదు, పుస్తకం ఎవరికీ దొరకదు, గ్రంథాలయంలో మిగిలిన ప్రతి ముట్టుకుంటే పొడిపొడిగా రాలిపోతోంది. చూపులేనివారి కోసం బ్రెయిలీలోకో ఆడియోలోకో మార్చుకోవచ్చని అదే 2012 సవరణ అనుమతిచ్చింది, ఎంతో మేలు చేసింది. హక్కుదారు దొరకనప్పుడు లైసెన్సు తెచ్చుకునే దారీ చట్టంలో ఉంది. కానీ పత్రికలో ప్రకటన వేయించి, దరఖాస్తు పెట్టి, దాని వెంట తిరగడం ఐదు వందల ప్రతులు వేసే మనిషి వల్ల కాదు.

అందుకే రచయితల కుటుంబాలవారిని అడుగుతున్నాను. డబ్బొచ్చే పుస్తకాలు మీ దగ్గరే ఉంచుకోండి. ఏళ్ల తరబడి అచ్చులో లేనివాటి పేర్లు మాత్రం ఒక కాగితం మీద రాసి, ఎవరైనా వేసుకోవచ్చు, నెట్‌లో పెట్టుకోవచ్చు అని హక్కున్న వాళ్లందరూ సంతకం చేసి గ్రంథాలయానికి ఇవ్వండి. రాస్తున్న మిత్రులారా, మీ తర్వాత హక్కులు ఎవరివో వీలునామాలో పేరుపెట్టి రాయండి.