హాబ్స్‌బర్గ్ ఆడబిడ్డల సంతకాలు

అందరికీ నమస్కారం.

యూరప్ సామ్రాజ్యాల మీద, రాజవంశాల మీద వచ్చిన పుస్తకాలను ఎలా చదువుతానో చెప్పమని గ్రంథాలయం వారు అడిగారు. చరిత్ర పాఠం చెప్పే వృత్తి కాదు నాది. ముప్పై ఏళ్లుగా సివిల్ కోర్టులో పార్టిషన్ దావాలు నడుపుతున్నాను. అన్నదమ్ముల పంపకాలు, వీలునామాలు, దత్తతలు, పెళ్లయిన ఆడపిల్ల వాటా, ఇవే నా రోజువారీ పని. అందుకే కాబోలు, రాజవంశం పుస్తకం ఏది చేతికొచ్చినా యుద్ధాల అధ్యాయం జోలికి పోకముందే వంశవృక్షం ఉన్న పేజీ తీస్తాను. ఎవరు ముందు పుట్టారు, ఎవరు పిల్లలు లేకుండా పోయారు, ఏ కొమ్మ దగ్గర గీత ఆగింది అని వేలు పెట్టి చూసుకుంటాను. గీత ఆగిన చోట చాలాసార్లు ఒక ఆడపిల్ల పేరుంటుంది. పక్కన భర్త పేరు, పెళ్లి సంవత్సరం. అంతకుమించి ఏమీ ఉండదు. నేను ఆగి చూసేది అక్కడే.

ఇవాళ ఒక్క కుటుంబం గురించే మాట్లాడతాను. వియన్నా నుంచి ఏలిన హాబ్స్‌బర్గులు.

మరియా థెరీసా పేరు మీలో చాలామంది వినే ఉంటారు. తండ్రి ఆరో చార్లెస్ చక్రవర్తి తన కూతురికి రాజ్యం దక్కేలా 1713లో ఒక శాసనం చేశాడనీ, ఆయన కన్నుమూయగానే చుట్టుపక్కల రాజులు మాట తప్పి ఆమె మీద పడ్డారనీ పుస్తకాల్లో ఉంటుంది. ఆ శాసనం పేరు ప్రాగ్మాటిక్ శాంక్షన్. నేనూ చాలాకాలం అలాగే చదివాను, మనసులో ఆమెకే వకాల్తా వేసుకున్నాను. అంతకు పదేళ్ల ముందు రాసుకున్న ఇంకో కాగితం గురించి తెలిశాక గానీ నాకు కేసు పూర్తిగా అర్థం కాలేదు.

ఆ కాగితం సంగతి చెబుతాను. అప్పటి చక్రవర్తి మొదటి లియోపోల్డ్‌కి ఇద్దరు కొడుకులు. పెద్దవాడు జోసెఫ్, చిన్నవాడు చార్లెస్. స్పెయిన్‌లో హాబ్స్‌బర్గ్ శాఖ అంతరించి, ఆ సింహాసనం కోసం యుద్ధం నడుస్తున్న రోజులవి. చిన్నకొడుకును అక్కడికి రాజుగా పంపుదామనుకున్నాడు తండ్రి. అతను బయల్దేరే ముందు, 1703 సెప్టెంబరు 12న, ఇంట్లోవాళ్లే కూర్చుని రహస్యంగా ఒప్పందం రాసుకున్నారు. అన్నకు మగసంతానం లేకపోతే తమ్ముడికి, తమ్ముడికి లేకపోతే అన్నకు. ఇద్దరికీ మగపిల్లలు లేకపోతే ఆడపిల్లలకు. అందులోనూ పెద్దవాడి కూతుళ్లు ముందు, ఆ తర్వాతే చిన్నవాడి కూతుళ్లు. అప్పటికే జోసెఫ్‌కి ఇద్దరు కూతుళ్లున్నారు, మరియా జోసెఫా, మరియా అమాలియా. ఒకరికి నాలుగేళ్లు, ఇంకొకరికి రెండేళ్లు నిండబోతున్నాయి.

1711లో మశూచి సోకి జోసెఫ్ చనిపోయాడు. ముప్పై రెండేళ్ల వయసు. బార్సిలోనాలో ఉన్న చార్లెస్ తిరిగొచ్చి చక్రవర్తి అయ్యాడు. 1713 ఏప్రిల్ 19న వియన్నాలోని హోఫ్‌బర్గ్ కోటకు మంత్రుల్ని, సలహాదారుల్ని పిలిపించి, 1703 నాటి ఒప్పందాన్ని అందరిముందూ చదివించాడు. తర్వాత దానికి తన అర్థం తాను చెప్పాడు. రాజ్యం ముక్కలు కాకూడదు, మగసంతానం లేకపోతే ముందు తన కూతుళ్లకు, వాళ్లు లేకపోతేనే అన్న కూతుళ్లకు. వరస తిరగబడింది. ఇంతకీ ఆ రోజుకు చార్లెస్‌కి కొడుకూ లేడు, కూతురూ లేదు. 1716లో ఒక కొడుకు పుట్టి ఏడాది నిండకుండానే పోయాడు. మరియా థెరీసా పుట్టింది 1717 మే 13న. అంటే ఇంకా పుట్టని కూతురి కోసం, కళ్లెదుట తిరుగుతున్న అన్న కూతుళ్లను ఆయన వెనక్కి నెట్టాడు.

ఆ పిల్లలకు పెళ్లీడు వచ్చింది. 1719లో జోసెఫాకు సాక్సనీ యువరాజుతో, 1722లో అమాలియాకు బవేరియా యువరాజుతో పెళ్లిళ్లయ్యాయి. పెళ్లికి షరతుగా ఇద్దరి చేతా హక్కు వదులుకుంటున్నట్టు ప్రమాణం చేయించి, పత్రాలు రాయించుకున్నారు. మన భాషలో రిలీజ్ డీడ్.

ఇది చదివినప్పుడు నాకు ఒక పాత సంగతి గుర్తొచ్చింది. ప్రాక్టీసు మొదలుపెట్టిన కొత్తల్లో ఒక కుటుంబానికి ఇలాంటి పత్రమే నేను రాశాను. రిజిస్ట్రేషన్‌కి అందరూ వచ్చారు. అన్నలిద్దరూ సంతకాలు పెట్టేశారు. చెల్లెలు పెన్ను పట్టుకుని, "ఇందులో ఏం రాశారండీ?" అని నన్నడిగింది. చదివి వినిపించాను. "పసుపు కుంకుమ కింద ఎకరం ఇచ్చాం కదమ్మా, ఇంకేంటి" అన్నాడు పెద్దన్న. ఆవిడ ఇంకేమీ అడగలేదు. పేరులోని ఒక్కో అక్షరాన్ని నిదానంగా దిద్ది, వేలిముద్ర వేసి, చీర కొంగుకు సిరా తుడుచుకుంది. అప్పటికి మన రాష్ట్రంలో 1985 సెప్టెంబరు 5 నుంచి ఉమ్మడి ఆస్తిలో కూతురికి పుట్టుకతోనే వాటా ఇచ్చే సవరణ వచ్చి ఉంది. దేశమంతటికీ అది వచ్చింది 2005లో. కానీ మన సవరణలో, అప్పటికే పెళ్లయిపోయిన ఆడపిల్లలకు వాటా లేదన్నారు. పెళ్లి తేదీని బట్టి అక్కచెల్లెళ్లలో ఒకరికి హక్కు, ఒకరికి లేదు. ఆ తేదీల కోసం శుభలేఖలు వెతికించిన కేసులు నా దగ్గరే ఉన్నాయి. అందుకే, వియన్నాలో పెళ్లి ముంగిట ఆ ఇద్దరు పిల్లలు చేసిన ప్రమాణం నాకు చరిత్రలో ఒక చిన్న వివరంలా కనిపించదు. పుస్తకాలు దాన్ని ఒక్క వాక్యంలో దాటేస్తే నాకు బాధేస్తుంది.

ఇంట్లో సంతకాలు అయ్యాక బయటివాళ్ల సంతకాలు కావాలి. చార్లెస్ మిగిలిన జీవితమంతా దానికే సరిపోయింది. హంగరీ సభ 1723లో ఒప్పుకుంది. మిగతా దేశాలు ఊరికే ఒప్పుకుంటాయా? చక్రవర్తి పాలనలో ఉన్న ఓస్టెండ్ రేవు, ఇప్పుడది బెల్జియంలో ఉంది, అక్కడి వర్తకులు 1722లో ఆయన అనుమతితో ఈస్టిండియా వ్యాపారానికి ఒక కంపెనీ పెట్టుకున్నారు. మద్రాసుకు దక్షిణంగా ఉన్న కోవళంలో వాళ్లకు వర్తక స్థావరం ఉండేది. లాభాలు బాగానే వచ్చాయి. ఇంగ్లీషువాళ్లకు, డచ్చివాళ్లకు అది కంట్లో నలుసైంది. 1731లో కూతురి హక్కును ఇంగ్లండు గుర్తించింది, బదులుగా చక్రవర్తి ఆ కంపెనీని మూసేశాడు. మరియా థెరీసాను పెళ్లాడిన ఫ్రాన్సిస్ అయితే తన సొంత లొరేన్ సంస్థానాన్నే వదులుకోవాల్సి వచ్చింది. అది ముందు ఫ్రాన్స్ రాజు మామగారికి, ఆయన తర్వాత ఫ్రాన్స్‌కు వెళ్లేలా ఒప్పందం. బదులుగా ఫ్రాన్సిస్‌కి టస్కనీ ఇచ్చారు.

1740 అక్టోబరు 20న చార్లెస్ చనిపోయాడు. రెండు నెలలు తిరక్కుండానే ప్రష్యా రాజు రెండో ఫ్రెడరిక్ ఆమె రాజ్యంలోని సైలీసియాలోకి సైన్యాన్ని దించాడు. అది బలప్రయోగం, దాన్ని గురించి ప్లీడరుగా నేను చెప్పగలిగింది తక్కువ. నాకు ఎక్కువ ఆసక్తి కలిగించేది బవేరియా పాలకుడు చార్లెస్ ఆల్బర్ట్ వేసిన దావా. ఈయన అమాలియా భర్తే. భార్య హక్కు వదులుకుంది కాబట్టి ఆమె వైపు నుంచి అడగడానికి లేదు. అందుకని సుమారు రెండు వందల ఏళ్లనాటి వీలునామా ఒకటి పైకి తీశాడు. 1543లో అప్పటి ఆస్ట్రియా పాలకుడు మొదటి ఫెర్డినాండ్ రాసింది. ఫెర్డినాండ్ కూతురు ఆనా బవేరియా కోడలు. ఫెర్డినాండ్ వంశంలో మగ వారసులు లేకుండా పోతే ఆస్ట్రియా ఆనా సంతతికి రావాలని అందులో ఉందని బవేరియా వాదన.

వియన్నాలో ఒరిజినల్ బయటికి తీశారు. బవేరియా రాయబారి ముందు పెట్టారు. అందులో 'మగ వారసులు' అన్న మాట లేదు. వివాహబంధంలో పుట్టిన వారసులు, అంటే ఔరస సంతానం అని ఉంది. కూతురు కూడా ఔరస సంతానమే కదా! ఒక్క విశేషణం మీద ఒక సామ్రాజ్యం నిలబడింది. నకలు చూసి వాదన తయారు చేసుకుని, ఒరిజినల్ కోర్టులోకి వచ్చాక తలవంచుకున్న కేసులు మేం చూస్తూనే ఉంటాం. అయినా బవేరియా వెనక్కి తగ్గలేదు. ఫ్రాన్స్ అండతో యుద్ధానికే దిగింది. 1742 ఫిబ్రవరి 12న ఫ్రాంక్‌ఫర్ట్‌లో చార్లెస్ ఆల్బర్ట్ చక్రవర్తిగా కిరీటం పెట్టుకున్నాడు. ఆ రోజుల్లోనే ఆస్ట్రియా సేనలు అతని సొంత రాజధాని మ్యూనిక్‌లోకి వచ్చేశాయి.

మరియా థెరీసా ధైర్యాన్ని తక్కువ చేసి చెప్పను. ఇరవై నాలుగేళ్లకు, 1741 జూన్ 25న, ఇప్పటి బ్రాటిస్లావాలో హంగరీ కిరీటం పెట్టుకుంది. అక్కడి ఆచారం ప్రకారం గుర్రమెక్కి గుట్ట మీదకు వెళ్లి నాలుగు దిక్కులా కత్తి ఝళిపించింది. చట్టం దృష్టిలో ఆమె అక్కడ రాణి కాదు, రాజు. ఆ సెప్టెంబరులో హంగరీ ప్రభువుల సాయం కోరిన ఘట్టాన్ని చిత్రకారులు చంకలో పసిబిడ్డతో గీస్తారు. నిజానికి బిడ్డను అక్కడికి తెచ్చింది కొన్ని రోజుల తర్వాత. పుస్తకంలో బొమ్మ కనిపిస్తే తేదీ కూడా చూసుకోండి.

ఆ యుద్ధం మన తీరం దాకా వచ్చింది. ఫ్రాన్స్, ఇంగ్లండు చెరో పక్షాన ఉండటంతో 1746 సెప్టెంబరులో ఫ్రెంచివాళ్లు మద్రాసును పట్టుకున్నారు. తెలుగు వర్తకులు, దుబాసీలు కాపురమున్న బ్లాక్ టౌన్‌లో కోటకు దగ్గరగా ఉన్న ఇళ్లను పడగొట్టారు. 1748 సంధిలో మద్రాసును తిరిగి ఇంగ్లీషువాళ్లకు ఇచ్చేశారు, ఉత్తర అమెరికాలోని లూయీబర్గ్ కోటకు మారుగా. ఆ ఇళ్లవాళ్లకు వియన్నాలో చదివిన కాగితం గురించి ఎవరు చెప్పి ఉంటారు? ఆ పాత బ్లాక్ టౌన్ స్థలంలోనే ఇప్పుడు మద్రాసు హైకోర్టు ఉంది. పని మీద అక్కడికి వెళ్లినప్పుడల్లా నాకు ఈ సంగతి గుర్తొస్తుంది.

ఇలాంటివి ఇంకా ఉన్నాయి. 1837లో విక్టోరియా బ్రిటన్‌కు రాణి అయింది గానీ హానోవర్ మాత్రం ఆమె బాబాయికి పోయింది, అక్కడి చట్టంలో మగవాడుండగా ఆడదానికి రాదు కనుక. బ్రిటన్‌లో అక్కను దాటి తమ్ముడికి కిరీటం వెళ్లే పద్ధతి పోయింది 2013 చట్టంతో. వాటి గురించి ఇంకోసారి మాట్లాడుకుందాం.

హాబ్స్‌బర్గుల గురించి ఒక్క మాట మిగిలింది. మరియా థెరీసాకు పదహారు మంది పిల్లలు. చివరి కూతురు మరీ ఆంటోనెట్‌ను ఫ్రాన్స్ యువరాజుకు ఇచ్చారు. 1770 ఏప్రిల్ 19న వియన్నాలో పెళ్లి, వరుడి తరఫున ప్రతినిధి నిలబడ్డాడు. అంతకు రెండు రోజుల ముందు, ఏప్రిల్ 17న, తల్లి వైపు రాజ్యాల్లో తనకెలాంటి హక్కూ లేదని ఆ పిల్ల చేత ప్రమాణం చేయించి సంతకం పెట్టించారు. ఆమెకప్పుడు పద్నాలుగేళ్లు.