బువ్వ తినిపించేటప్పుడు ఫోను పక్కన పెడదాం

అమ్మలకు, అమ్మమ్మలకు, నాయనమ్మలకు నమస్కారం.

కోరుట్ల, మెట్‌పల్లి దిక్కు ఇళ్లలో ఒడిలో బీడీల చాట ఉంటుంది, పక్కన ఏడు నెలల బిడ్డ ఉంటుంది. ఫోను చేతికిస్తే ఆ గంట పని సాగుతుంది. అది మాకు తెలుసు, ఎవరినీ తప్పుపట్టడం లేదు. కానీ ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఏడాదిలోపు పిల్లలకు స్క్రీన్ అసలే వద్దని చెప్పింది. మన దేశ పిల్లల డాక్టర్ల సంఘం 2021లో రెండేళ్ల దాకా వద్దంది, అయినవాళ్లతో వీడియో కాల్ ఒక్కటి తప్ప.

ఎందుకంటే బిడ్డ "బబ్బబ్బ" అంటే మీరు "ఏందిరా కన్నా" అంటారు, మళ్లీ వాడు ఏమంటాడోనని ఆగుతారు. ఫోను ఆగదు. మాటలు వచ్చేది ఆ ఆగడంలోనే. పక్కన సీరియల్ నడుస్తున్నా ఇంట్లోవాళ్లు బిడ్డతో మాట్లాడేది తగ్గిపోతుంది.

మానిపించడం బువ్వ దగ్గర మొదలుపెట్టండి. బొమ్మలు చూస్తూ తినే బిడ్డకు ఆకలి, కడుపు నిండడం రెండూ తెలియవు. మనం కుక్కుతాం, వాడు కక్కుతాడు. ముందు పొద్దటి బువ్వ ఒక్కటే ఫోను లేకుండా పెట్టండి, ఆకలి బాగా ఉండేది అప్పుడే. పాలు తాగిన వెంటనే పెట్టొద్దు. బిడ్డను ఎదురుగా కూర్చోబెట్టి, మెత్తగా పిసికిన పప్పన్నం స్పూన్‌తో నోటి ముందుకు తెచ్చి ఆగండి. నోరు తెరిస్తేనే పెట్టండి. మొహం తిప్పుకుంటే చాలన్నట్టే, వెంటపడొద్దు. తిన్నా తినకున్నా అరగంటలో గిన్నె తీసేయండి. ఫోనుకు అలవాటైన బిడ్డ మొదటి కొన్ని రోజులు ఏడుస్తాడు, తక్కువ తింటాడు. చాలామంది అక్కడే భయపడి మళ్లీ ఫోను ఇస్తారు, అప్పుడు ఏడిస్తే ఫోను వస్తుందని నేర్చుకుంటాడు. ఇంట్లో అందరూ ఒక్క మాట మీద ఉండాలి.

పని వేళ స్టీలు గిన్నెలు, పెద్ద గరిటె ఇచ్చి చాప మీద వదలండి. తంబాకు మాత్రం చేతికి అందనంత దూరంలో ఉండాలి.

దుబాయిలో ఉన్న నాన్న కాల్ చేస్తే మాట్లాడించండి. ఫోను మీరు పట్టుకోండి, నాన్న బిడ్డను పేరు పెట్టి పిలిచి, బిడ్డ సప్పుడు చేసేదాకా ఆగాలి. కాల్ అయ్యాక పాటలు పెట్టకుండా ఫోను లోపల పెట్టేయండి.

తొమ్మిది నెలలకు పేరు పిలిస్తే తిరగకపోయినా, పదహారు నెలలకు ఒక్క మాటా రాకపోయినా, ఫోను మానేస్తే అదే వస్తుందని ఆగొద్దు. ముందు చెవుల పరీక్ష చేయించండి. ఆర్‌బీఎస్‌కే (పిల్లలకు ఆరోగ్య పరీక్షలు చేసే ప్రభుత్వ పథకం) డాక్టర్లు అంగన్‌వాడీకి ఎప్పుడొస్తారో టీచరమ్మను అడగండి, ఆలస్యమైతే జిల్లా ఆసుపత్రికి మీరే తీసుకెళ్లండి.