కల్పిత లోకంలో వేధశాల కట్టేముందు

సభకు నమస్కారం. పాలమూరు యువ రచయితల ముందు ఈ విషయం మాట్లాడే అవకాశం దొరికినందుకు సంతోషిస్తున్నాను.

కల్పిత లోకాలను సృష్టించే మన రచయితలు ఒక పురాతన వేధశాలను, అంటే గ్రహనక్షత్రాలను పరిశీలించే కట్టడాన్ని, కథలోకి తెచ్చినప్పుడు దాని గోపురాన్ని, స్ఫటికపు పలకలను, శిథిల ద్వారాలను ఎంతో శ్రద్ధగా వర్ణిస్తారు గాని, ఆ కట్టడం ఎటువంటి ఆకాశం కింద నిలిచి ఉన్నదో, దానిని కట్టినవారికి ఏమి తెలుసుకోవలసిన అవసరం వచ్చిందో చాలాసార్లు చెప్పరు. ముందు ఆకాశాన్ని నిర్ణయించుకోకుండా వేధశాలను కట్టకూడదని, కల్పనకు కూడా ఈ నియమం వర్తిస్తుందని నా గట్టి నమ్మకం.

ఇందుకు ఆధారం మన పొరుగునే ఉన్నది. నారాయణపేట జిల్లాలో కృష్ణానది ఒడ్డున ఉన్న ముడుమాల్ నిలువురాళ్లు మూడు వేల ఏళ్లకు పైబడినవని పరిశోధకులు చెబుతారు. అయనాంతాలలో, అంటే సూర్యుడు ఉత్తరానికో దక్షిణానికో చివరిదాకా జరిగి వెనుదిరిగే రోజులలో, అతడు ఉదయించే, అస్తమించే దిక్కులతో కొన్ని రాళ్ల వరుసలు సరిపోతాయని, ఒక రాతి మీద తొలిచిన గుంటలు సప్తర్షి మండలాన్ని చూపుతాయని హైదరాబాద్ విశ్వవిద్యాలయానికి చెందిన ఆచార్య కె.పి.రావు వివరించారు. 2025లో ఈ స్థలం యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలాల తాత్కాలిక జాబితాలో చేరింది. ఊరివారు మాత్రం ఈ రాళ్లను నిలురాళ్ల తిమ్మప్పగా కొలుస్తారు, ఒక రాతిని ఎల్లమ్మగా పూజిస్తారు. కట్టినవారి లెక్క మరుగునపడినా, మొక్కు వల్ల రాయి నిలిచి ఉండడం ఏ ఫాంటసీ రచయితకైనా గొప్ప కథావస్తువు.

ఇక్కడి అక్షాంశం వద్ద జూన్‌లో సూర్యుడు నేరు తూర్పుకు దాదాపు 25 డిగ్రీలు ఉత్తరంగా, డిసెంబరులో అంతే దక్షిణంగా ఉదయిస్తాడు. ఉజ్బెకిస్తాన్‌లోని సమర్‌ఖండ్‌లో ఆ కోణం 31 డిగ్రీలు. అంటే ముడుమాల్ వరుసను అక్కడికి మోసుకుపోయి పాతితే అది తప్పు చెబుతుంది. మీ లోకపు అక్షానికి వాలు లేకపోతే సూర్యుడు ఏడాదంతా ఒకే చోట ఉదయిస్తాడు, ఋతువులూ ఉండవు. అటువంటి లోకంలో అయనాంతపు రాళ్లను ఎవరూ పాతరు.

పరిమాణానికి కూడా కారణం ఉండాలి. సమర్‌ఖండ్‌లో ఉలుగ్ బేగ్ అనే పాలకుడు 15వ శతాబ్దంలో కట్టించిన వేధశాలలో ఆకాశంలోని కోణాలను కొలిచే రాతిచాపం వ్యాసార్ధం సుమారు 40 మీటర్లు. అంత పెద్ద చాపం మీద ఒక్క డిగ్రీ దాదాపు 70 సెంటీమీటర్ల మేర పరుచుకుంటుంది కనుక డిగ్రీలోని చిన్న భాగాలను కూడా గుర్తించడం సాధ్యమయింది. 1449లో ఆయన హత్య జరిగిన తరువాత ఆ కట్టడం శిథిలమయింది. నేలలో తొలిచిన చాపభాగం 1908లో బయటపడింది.

నన్ను అన్నిటికంటే ఆకర్షించేది కాలం తెచ్చే తేడా. భూమి అక్షం బొంగరపు ఇరుసులా మెల్లగా ఊగుతూ సుమారు 26,000 ఏళ్లకు ఒక చుట్టు తిరుగుతుంది. అందువల్ల నక్షత్రాలను బట్టి కట్టిన లెక్క, ఋతువులతో పోలిస్తే, దాదాపు 72 ఏళ్లకు ఒక రోజు వెనుకబడుతుంది. మన కార్తెలు నక్షత్రాలను బట్టి నడిచేవే. మీ లోకంలో కూడా ఇదే చలనం ఉన్నదనుకుందాం. వేయేళ్ల కిందట ఒక నక్షత్రం తెల్లవారుజామున తొలిసారి కనిపించిన నాడే విత్తనం వేయాలని అక్కడి పెద్దలు శాసించారనుకుందాం. ఇప్పుడు ఆ నక్షత్రం కనిపించేసరికి తొలకరి పడి రెండు వారాలు దాటిపోతుంది, చెలకలో పదును ఆరిపోతుంది. అయనాంతపు సూర్యుణ్ణి చూపే రాళ్లు మాత్రం దాదాపు సరిగానే చూపుతుంటాయి. ఒకే ప్రాంగణంలో రెండు సాక్ష్యాలు విడిపోయినప్పుడు నక్షత్రపు శాసనాన్ని కంఠస్థం చేసిన అర్చకులు ఒక వైపు, రాతి నీడను కొలిచే యువతి మరొక వైపు నిలబడతారు. ఆ ఏడాది ఊరి రైతులు ఎవరి మాట మీద గొర్రు కడతారో తేల్చవలసిన బాధ్యత రచయితది.