నిలబడే చోటు తెలిసినవాడు: పావొలో మాల్దీని పాతికేళ్ల ఆట

సభకు నమస్కారం.

ఫుట్‌బాల్ మీద ప్రసంగం అనగానే గోల్ కొట్టేవాళ్ల పేర్లే ముందు గుర్తుకు వస్తాయి. ఈ సాయంత్రం మాత్రం గోల్ పడకుండా చూడడమే వృత్తిగా పాతికేళ్లు బతికిన ఒక ఇటలీ ఆటగాడి గురించి మాట్లాడాలనుకుంటున్నాను. 1985 జనవరి 20న ఊదినె పట్టణంలో జరిగిన లీగ్ మ్యాచ్‌లో, విరామం తర్వాత సెర్జియో బత్తిస్తీని స్థానంలో మిలాన్ జట్టు తరఫున ఒక పదహారేళ్ల కుర్రవాడు మైదానంలోకి దిగాడు. ఆ కుర్రవాడు పావొలో మాల్దీని. 2009 మే 31న ఫ్లోరెన్స్‌లో తన చివరి మ్యాచ్ ఆడేనాటికి ఆయనకు నలభై ఒకటో ఏడు పూర్తికావడానికి నెల కూడా లేదు. ఈ రెండు తేదీల మధ్య ఆయన వేరే క్లబ్బు గడప తొక్కలేదు. మిలాన్‌కు ఆడిన అధికారిక మ్యాచ్‌లు 902. వాటి ఫలం ఏడు ఇటలీ లీగ్ టైటిళ్లు, యూరప్‌లోని మేటి క్లబ్బులు పోటీపడే యూరప్ కప్పులు ఐదు.

ఈ అంకెలు చాలామందికి తెలిసినవే. నన్ను ఆలోచింపజేసేది వేరొకటి. ఆయన ఆడిన ఆ పాతికేళ్లలోనే ఫుట్‌బాల్ నియమాలు ఒకదాని వెంట ఒకటిగా మారాయి, ప్రతి మార్పూ డిఫెండర్ చేతిలోని ఏదో ఒక ఆయుధాన్ని లాగేసుకుంది. అంతకుముందు బంతి అందుకునే ఆటగాడు డిఫెండర్‌తో సమంగా ఉన్నా ఆఫ్‌సైడ్ అని తప్పు పట్టి ఆట ఆపేవారు. 1990 నుంచి సమంగా ఉంటే చెల్లుతుందన్నారు. ఒత్తిడి పెరిగినప్పుడల్లా బంతిని గోల్‌కీపర్‌కు వెనక్కి తన్ని, అతను చేతుల్లోకి తీసుకుంటే ఊపిరి పీల్చుకోవడం డిఫెండర్లకు అలవాటు. 1992లో ఆ వెసులుబాటు పోయింది. ఎదుటివాడి ఒంటికి ప్రమాదం కలిగేలా వెనుకనుంచి ట్యాకిల్ చేస్తే, అంటే కాలు చాచి బంతి లాక్కోబోతే, మైదానం వదలి పోవలసిందేనని 1998లో ఖాయం చేశారు. పాత పద్ధతిలో పెరిగిన ఎందరో డిఫెండర్లకు ఈ మార్పులు పెద్ద దెబ్బే అయ్యాయి. మాల్దీని మాత్రం ఆ మూడు మార్పులనూ దాటి, వయసు పైబడేకొద్దీ ఇంకా మెరుగ్గా ఆడాడు. దీనికి కారణం ఆయన కాళ్ల బలం కన్నా ఆయన నిలబడే చోటులోనే ఎక్కువగా ఉందని నా గట్టి నమ్మకం.

ఆ విద్య కొంత ఇంట్లోనే ఉంది. తండ్రి చేసారె మాల్దీని కూడా డిఫెండరే. 1963లో లండన్‌లోని వెంబ్లీ మైదానంలో బెన్‌ఫికాను ఓడించి మిలాన్ తొలిసారి యూరప్ కప్పు గెలిచినప్పుడు ఆయనే కెప్టెన్. అయితే కొడుకు ఆటను అసలు తీర్చిదిద్దింది 1987లో మిలాన్ శిక్షకుడిగా వచ్చిన అరీగో సాక్కి. అప్పటిదాకా ఇటలీ పద్ధతి ప్రకారం ఒక్కో డిఫెండర్‌కు ఒక్కో ప్రత్యర్థిని అప్పగించి, వాడు ఎటు పోతే అటు నీడలా వెంటాడమని చెప్పేవారు. వాళ్లందరి వెనుక మరొకడు కాపలా ఉండేవాడు. సాక్కి దాన్ని పక్కనబెట్టాడు. తస్సొత్తి, బరేసి, కొస్తకుర్త, మాల్దీని నలుగురూ ఒకే గీత మీద, మనిషిని బట్టి కాక బంతిని బట్టి, ఒకే శరీరంలా కదలాలన్నాడు. బంతే లేకుండా, ఉన్నట్టు ఊహించుకుని జట్టంతా స్థానాలు మారే సాధన ఆయన శిక్షణలో ముఖ్యభాగం.

మన పల్లెల్లో చెడుగుడు చూసినవారికి ఇది అర్థం కావడానికి పెద్ద వివరణ అక్కర్లేదు. కూతకు వచ్చినవాణ్ణి పట్టడానికి చేతులు కలిపి గొలుసుగా నిలబడినవాళ్లలో ఒక్కడు తొందరపడి ముందుకు ఉరికినా, ఒక్కడు జంకి వెనక్కి తగ్గినా కూతగాడు ఆ సందులోంచే గీత దాటిపోతాడు. మిలాన్ నలుగురిదీ అటువంటి గొలుసే. కాకపోతే చేతులు కలిపి ఉండవు, చూపులే కలవాలి. 1989 యూరప్ కప్పు సెమీఫైనల్లో రియల్ మాడ్రిడ్‌ను 5-0తో, ఫైనల్లో రొమేనియా జట్టు స్టెయావాను 4-0తో ఓడించిన మిలాన్ అనగానే గుల్లిట్, వాన్ బాస్టెన్ కొట్టిన గోల్స్ గుర్తుకొస్తాయి. వెనుక ఉన్న సున్నాలను కూడా గుర్తుంచుకోవాలని నా మనవి.

ఇక ఆయన నిలబడే తీరును కొంచెం దగ్గరగా చూద్దాం. మైదానం అంచు వెంట బంతితో దూసుకొచ్చే ఆటగాడు, అంటే వింగర్ ఎదుట ఛాతీ విరుచుకుని నిటారుగా నిలబడితే అతనికి రెండు వైపులా దారి ఇచ్చినట్టే. మాల్దీని అలా నిలబడేవాడు కాదు. ఒక భుజం ముందుకు, ఒకటి వెనక్కి పెట్టి, మోకాళ్లు కాస్త వంచి, బరువు మునివేళ్ల మీద ఉంచి, ఎదుటివాడికి ఒక్క దారే మిగిల్చేవాడు. ఆ దారి సాధారణంగా పక్కగీత వైపు ఉండేది, గీత దాటితే బంతి ఎలాగూ పోతుంది. వింగర్ ఆ వల తప్పించుకుని లోపలికి తిరిగాడా, అక్కడ మాల్దీని కుడికాలు సిద్ధంగా ఉండేది. ఆయన పుట్టుకతో కుడికాలి ఆటగాడు. మిలాన్‌లో కుడివైపు తస్సొత్తి ఉండడంతో ఎడమవైపు కుదురుకుని, ఎడమకాలిని కూడా దానికి దీటుగా తయారుచేసుకున్నాడు. లోటుగా మిగలవలసినదాన్ని ఆయన ఇలా బలంగా మార్చుకున్నాడు.

1994 సంవత్సరాన్ని తీసుకుంటే ఈ మాటలకు సాక్ష్యం దొరుకుతుంది. ఆ ఏడాది ఫాబియో కపెల్లో శిక్షణలోని మిలాన్ 34 లీగ్ మ్యాచ్‌లలో 15 గోల్స్ మాత్రమే ఇచ్చి టైటిల్ గెలిచింది. మే 18న ఏథెన్స్‌లో బార్సిలోనాతో యూరప్ ఫైనల్. నిషేధం వల్ల బరేసి, కొస్తకుర్త ఇద్దరూ ఆడలేదు. ఎదుట గోల్ కొట్టడంలో దిట్టలు రొమారియో, స్తోయిచ్‌కోవ్. ఎడమ అంచున ఆడవలసిన మాల్దీనిని ఆ రాత్రి మధ్యలో నిలబెట్టారు, మిలాన్ 4-0తో గెలిచింది. రెండు నెలలకు ఇటలీ, బ్రెజిల్ మధ్య ప్రపంచకప్పు ఫైనల్ అమెరికాలోని పాసడీనాలో జరిగింది. ఈసారి కొస్తకుర్త నిషేధంలో ఉన్నాడు, బరేసి మోకాలి శస్త్రచికిత్స జరిగి నెల తిరక్కముందే తిరిగొచ్చాడు. మళ్లీ మాల్దీని మధ్యకు వచ్చాడు, మళ్లీ ఎదుట రొమారియో, ఈసారి పక్కన బెబెతో. నూట ఇరవై నిమిషాలు మండుటెండలో ఆడినా బ్రెజిల్‌కు గోల్ దొరకలేదు. ఇటలీ పెనాల్టీ కిక్కుల్లో ఓడింది. ఒక డిఫెండర్ తన పని సాంతం చేసి కూడా ఓడిపోవడం ఎలా ఉంటుందో నాకు ఆ మ్యాచ్‌లోనే తెలిసింది.

దేశం తరఫున ఆయనకు ఏదీ దక్కలేదు. 1990, 1998 ప్రపంచకప్పుల్లో కూడా పెనాల్టీలే గండికొట్టాయి. యూరప్ దేశాల జట్ల పోటీ అయిన 2000 యూరో ఫైనల్లో ఫ్రాన్స్ అదనపు సమయంలో గెలిచింది. 2002 ప్రపంచకప్పులో దక్షిణ కొరియాతో ఆడిన మ్యాచ్‌లో అదనపు సమయం ముగియబోతుండగా ఆ జట్టు ఆటగాడు ఆన్ జుంగ్ హ్వాన్ ఆయనకన్నా ఎత్తుకు ఎగిరి తలతో గోల్ కొట్టాడు. అంతటివాడికి కూడా ఆ ఒక్క క్షణంలో చోటు తప్పింది, దాన్ని దాచిపెట్టి ఆయన్ను పొగడడం నాకిష్టం లేదు. 126 మ్యాచ్‌ల తర్వాత ఆయన జాతీయ జట్టును విడిచిపెట్టాడు. నాలుగేళ్లకు ఇటలీ ప్రపంచకప్పు గెలిచింది.

క్లబ్బులో మాత్రం ముప్పై నాలుగేళ్ల వయసులో రెండో అధ్యాయం మొదలైంది. వేగం తగ్గుతున్న మాల్దీని అంచు వదిలి పూర్తిగా మధ్యలో, మరో డిఫెండర్ నెస్తా పక్కన స్థిరపడ్డాడు. 2003 యూరప్ కప్పు ఫైనల్ మాంచెస్టర్‌లో జరిగింది. మన దేశంలో అర్ధరాత్రి దాటాక మొదలైన ఆ మ్యాచ్‌ను నేను టీవీ శబ్దం తగ్గించుకుని చూశాను. యువెంటస్‌తో గోల్ లేకుండా సాగిన ఆ ఆట విసుగు పుట్టించిందని చాలామంది అన్నారు. నాకు ఒక్క నిమిషం కూడా విసుగు రాలేదు. పెనాల్టీల్లో మిలాన్ గెలిచి, తండ్రి కప్పు ఎత్తిన నలభై ఏళ్లకు కొడుకు కెప్టెన్‌గా అదే కప్పు ఎత్తాడు. 2005లో ఇస్తాంబుల్‌లో ఫైనల్ మొదలైన తొలి నిమిషంలోనే ఆయన గోల్ కొట్టాడు. విరామానికి 3-0తో ముందున్న మిలాన్ రెండో అర్ధభాగంలో ఆరు నిమిషాల్లో మూడు గోల్స్ ఇచ్చి, చివరకు పెనాల్టీల్లో లివర్‌పూల్ చేతిలో ఓడింది. రెండేళ్లకు ఏథెన్స్‌లో అదే లివర్‌పూల్‌ను 2-1తో ఓడించినప్పుడు కెప్టెన్‌కు ముప్పై ఎనిమిదేళ్లు.

2009 మే 24న మిలాన్ నగరంలో సొంత ప్రేక్షకుల ముందు ఆయన చివరిసారి ఆడాడు. మ్యాచ్ అయ్యాక మైదానం చుట్టూ తిరిగి వీడ్కోలు చెబుతుంటే స్టేడియమంతా లేచి నిలబడింది. ఒక్క మూల మాత్రం, కొందరు వీరాభిమానులు పాత కక్షతో ఈలలు వేసి, బరేసి పేరున బ్యానర్ ఎత్తారు. ఆ దృశ్యం ఇప్పటికీ నాకు బాధ కలిగిస్తుంది. వారం తిరిగాక ఫ్లోరెన్స్‌లో ప్రత్యర్థి జట్టు అభిమానులే ఆయనకు నిండుగా చప్పట్లు కొట్టారు.

మిలాన్ క్లబ్బు ఆయన తొడుక్కున్న 3వ నంబరు చొక్కాను పక్కన పెట్టింది. ఆయన కొడుకుల్లో ఎవరైనా పెద్ద జట్టులోకి వస్తే వారికి మాత్రమే అది దక్కుతుందని చెప్పింది. చిన్నకొడుకు దనియేలె 2020లో మిలాన్‌కు ఆడాడు, 2024లో ఇటలీకీ ఆడాడు. కానీ అతను దాడి చేసే ఆటగాడు, తొడుక్కున్నది 27వ నంబరు చొక్కా. 3వ నంబరు చొక్కా అక్కడే ఉంది.