విదేశీ ఎంబీబీఎస్: డిగ్రీ నుంచి లైసెన్స్ దాకా

అందరికీ నమస్కారం. ఆదివారం పూట పనులు మానుకుని ఇంతమంది వచ్చారంటే, నీట్ ర్యాంకు చూసుకున్నాక ఇళ్లల్లో ఎంత టెన్షన్ ఉందో తెలుస్తూనే ఉంది. కన్వీనర్ కోటాలో సీటు వచ్చేలా లేదు. మేనేజ్‌మెంట్ కోటా ఫీజు కట్టాలంటే పొలం అమ్మాలి, అమ్మినా చాలదు. సరిగ్గా అప్పుడే ఎవరో ఫోన్ చేసి కిర్గిజ్‌స్తాన్ అంటారు, జార్జియా అంటారు, ఫిలిప్పీన్స్ అంటారు. వెళ్లొద్దని చెప్పడానికి నేను రాలేదు. మా ఆస్పత్రిలో హౌస్ సర్జన్లుగా, అంటే ఇంటర్న్‌లుగా చేసిన విదేశీ గ్రాడ్యుయేట్లలో, మా ఇంట్లో ఎవరికైనా బాగోకపోతే నిశ్చింతగా అప్పజెప్పగలిగిన పిల్లలున్నారు. నేను చెప్పేది ఒక్కటే. డిగ్రీ అక్కడివాళ్లు ఇస్తారు, లైసెన్స్ ఇక్కడివాళ్లు ఇస్తారు. లైసెన్స్‌కు ఉన్న షరతుల్లో చాలావరకు మీరు కాలేజీలో చేరిన రోజే తేలిపోతాయి. ఆరేళ్ల తర్వాత సరిచేసుకుందామంటే కుదరదు.

ముందు ఒక సంగతి తేల్చేద్దాం. ఫ్లెక్సీల మీద, యూట్యూబ్ యాడ్లలో "ఎన్‌ఎంసీ అప్రూవ్డ్ యూనివర్సిటీ" అని చూస్తుంటారు. అలాంటిదేమీ లేదు. ఎన్‌ఎంసీ అంటే మన దేశంలో వైద్య విద్యను, డాక్టర్ల రిజిస్ట్రేషన్ నిబంధనలను చూసే నేషనల్ మెడికల్ కమిషన్. అది ఏ విదేశీ కాలేజీకీ అప్రూవల్ ఇవ్వదు. కాలేజీ నిబంధనలకు సరిపోతుందో లేదో చూసుకునే బాధ్యత చేరేవాడిదే. "వరల్డ్ డైరెక్టరీలో పేరుంది కదండీ" అని కొందరు కన్సల్టెన్సీ వాళ్లు ఫోన్‌లో చూపిస్తారు. అది ప్రపంచంలోని మెడికల్ కాలేజీల పేర్ల పట్టిక. అందులో పేరుంటే ఆ కాలేజీ ఉందని అర్థం, అంతే.

విదేశాల్లో చదివి వచ్చినవాళ్లు లైసెన్స్ కోసం ఇక్కడ ఒక పరీక్ష పాసవ్వాలి. ఆ పరీక్ష గొడవ ఎప్పుడు మొదలైందో కొంచెం చెబుతాను. సోవియట్ యూనియన్ విడిపోయాక 1990లలో మన పిల్లలు ఆ దేశాలకు పెద్ద సంఖ్యలో వెళ్లారు. ఇంటర్‌లో అర్హత మార్కులు లేనివాళ్లను కూడా చేర్చుకున్న కాలేజీలున్నాయి. వాళ్లంతా తిరిగొచ్చి రిజిస్ట్రేషన్ అడిగేసరికి పెద్ద వివాదమైంది. 2001లో ఇండియన్ మెడికల్ కౌన్సిల్ చట్టాన్ని సవరించి స్క్రీనింగ్ టెస్ట్ పెట్టారు. రష్యాలో చదివిన డాక్టర్ల సంఘం కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది, 2002 మార్చిలో కోర్టు పరీక్ష పెట్టడాన్ని సమర్థించింది. అదే ఇప్పటి ఎఫ్‌ఎంజీఈ, అంటే ఫారిన్ మెడికల్ గ్రాడ్యుయేట్ ఎగ్జామినేషన్. మన దగ్గర చదివిన డాక్టరు అమెరికా వెళ్తే యూఎస్‌ఎంఎల్‌ఈ రాయాలి, బ్రిటన్ వెళ్తే ప్లాబ్ రాయాలి. పైగా అమెరికాలో అంతా రాశాక కూడా మళ్లీ మూడేళ్లో ఐదేళ్లో రెసిడెన్సీ చేయాలి. అక్కడ పరీక్ష పెట్టడం న్యాయం, ఇక్కడ పెడితే అన్యాయం అనలేం కదా.

ఇక అసలు నిబంధనలకు వద్దాం. 2021 నవంబర్ 18న ఎన్‌ఎంసీ కొత్త రెగ్యులేషన్స్ ఇచ్చింది. ఆ తర్వాత చేరినవాళ్లందరికీ ఇవే వర్తిస్తాయి. నీట్ క్వాలిఫై కావాలన్నది అంతకుముందు నుంచే ఉంది. నీట్ లేకుండా వెళ్లొచ్చని ఎవరైనా అంటే అక్కడి నుంచి లేచి వచ్చేయండి, వాళ్లతో వాదన కూడా అనవసరం.

కోర్సు కనీసం 54 నెలలు ఉండాలి. ఇంగ్లిష్ మీడియంలో ఉండాలి. ఆపైన 12 నెలల ఇంటర్న్‌షిప్ అదే విదేశీ సంస్థలో చేయాలి. ఇవి చిన్న మాటల్లా వినిపిస్తాయి కానీ పిల్లలు దెబ్బతింటున్నది ఇక్కడే. ఫిలిప్పీన్స్ సంగతే చూడండి. అక్కడ ముందు బీఎస్ అని ఒక కోర్సు, ఆ తర్వాత నాలుగేళ్ల ఎండీ. ఈ ఎండీ మన పీజీ కాదు, అక్కడి ఎంబీబీఎస్ లాంటిది. బీఎస్‌ను వైద్య విద్య కింద లెక్కవేయరు. నాలుగేళ్లంటే 48 నెలలు. ఆరు నెలలు తక్కువ. అక్కడి దావావో నగరంలో చదువుకుంటున్న మన తెలుగు పిల్లల ఇళ్లల్లో ఈ ఆరు నెలల లెక్క తెచ్చిన గందరగోళం అంతా ఇంతా కాదు. మధ్య ఆసియాలో ఇంకో తరహా. "ఐదేళ్ల కోర్సండీ, ఐదేళ్లకే ఇంటికొచ్చేస్తాడు" అని ప్యాకేజీ చెబుతారు. ఐదేళ్లంటే 60 నెలలు కాబట్టి 54 దాటింది, సంతోషం. మరి 12 నెలల ఇంటర్న్‌షిప్ ఎక్కడ? అది అడిగితే "ఇండియా వచ్చి చేసుకోవచ్చు సార్" అంటారు. ఇండియాలో చేయాల్సింది వేరే ఉంది. అక్కడొకటి, ఇక్కడొకటి, రెండు ఇంటర్న్‌షిప్‌లు కావాలి.

అన్నిటికన్నా ఎవరూ అడగని షరతు ఇంకొకటుంది. ఆ దేశంలో డాక్టరుగా ప్రాక్టీస్ చేయడానికి, అక్కడి పౌరుడికి ఇచ్చే లైసెన్స్‌తో సమానమైన అర్హత మీ అబ్బాయికి ఉండాలి. అంటే విదేశీ విద్యార్థుల కోసమని విడిగా నడిపే కోర్సు, ఆ దేశంలోనే చెల్లని డిగ్రీ, ఇక్కడా చెల్లదు. నాకు బాగా నచ్చిన నిబంధన ఇది. తన ప్రజల మీద చెయ్యి వేయనివ్వని డాక్టరును ఒక దేశం మనకు పంపిస్తే మనమెందుకు ఒప్పుకోవాలి? కానీ ఆ అర్హత ఉందో లేదో తెలుసుకోవడం ఒక ఇంటర్ విద్యార్థి తండ్రికి ఎంత కష్టమో కూడా నాకు తెలుసు. ఏజెంట్ మాట పక్కన పెట్టి, ఆ దేశపు మెడికల్ కౌన్సిల్ లేదా ఆరోగ్య శాఖ వెబ్‌సైట్ చూడండి. విదేశీయులకు లైసెన్స్ ఇస్తారా, దానికి పరీక్ష ఏమిటి, ఏ భాషలో పెడతారు అన్నది అక్కడ దొరుకుతుంది. దొరక్కపోతే అక్కడ చదువుతున్న సీనియర్లను, అంటే ఏజెంట్ ఫోన్ కలిపి ఇచ్చే సీనియర్లు కాకుండా మీరు వెతుక్కున్నవాళ్లను, అడగండి.

భాష గురించి ఒక నిమిషం. పాఠం ఇంగ్లిష్‌లో చెబుతారు, బాగానే ఉంది. వార్డులో రోగి రష్యన్‌లోనో, కిర్గిజ్‌లోనో, జార్జియన్‌లోనో మాట్లాడతాడు. "ఎప్పటి నుంచి నొప్పి, ఎటువైపు పాకుతోంది" అని అడగలేని విద్యార్థి మంచం పక్కన నిలబడి ఏం నేర్చుకుంటాడు? ఆ భాష పట్టుదలగా నేర్చుకున్న పిల్లలు వచ్చాక వార్డులో వేరుగా కనిపిస్తారు. మూడు నిమిషాలు కేస్ చెప్పించుకుంటే చాలు, ఎవరు రోగులతో మాట్లాడారో, ఎవరు తెలుగువాళ్ల హాస్టల్లో పప్పన్నం తిని వీడియో క్లాసులతో సరిపెట్టుకున్నారో తెలిసిపోతుంది.

ఆ వీడియో క్లాసుల వల్లే ఒక బ్యాచ్ మొత్తం నలిగిపోయింది. కరోనా వచ్చి చైనాలో చదివే మన విద్యార్థులు తిరిగి వెళ్లలేకపోయారు, 2022 ఫిబ్రవరిలో యుద్ధం వచ్చి ఉక్రెయిన్‌లో చదివే మన పిల్లలు బంకర్ల నుంచి విమానాలెక్కారు. ఆఖరి సంవత్సరం ఆన్‌లైన్‌లో ముగించి 2022 జూన్ 30 లోపు డిగ్రీ తెచ్చుకున్నవాళ్లకు ఒక్కసారికి మినహాయింపుగా ఎఫ్‌ఎంజీఈ రాయనిచ్చారు. బదులుగా ఇక్కడి ఇంటర్న్‌షిప్‌ను ఏడాది నుంచి రెండేళ్లు చేశారు. ఇందులో పిల్లల తప్పేముంది? ఏమీ లేదు. కానీ ప్రాక్టికల్స్ లేని చదువుకు పూర్తి లైసెన్స్ ఇవ్వలేమన్నదీ నిజమే. రెండూ నిజమైనప్పుడు ఎవరో ఒకరు నష్టపోతారు, ఇక్కడ పిల్లలు నష్టపోయారు.

సరే, అన్నీ సక్రమంగా చదివి వచ్చాడనుకుందాం. ఎఫ్‌ఎంజీఈ ఏడాదికి రెండుసార్లు, జూన్ సెషన్, డిసెంబర్ సెషన్ అని ఉంటుంది. 300 ప్రశ్నలు, ఒకే రోజు రెండు భాగాలు, ఒక్కో భాగానికి రెండున్నర గంటలు. నెగటివ్ మార్కులు లేవు, 150 వస్తే పాస్. వినడానికి ఇంత తేలికగా ఉన్న పరీక్షలో చాలా సెషన్లలో పది మందికి ఇద్దరో ముగ్గురో పాసవుతుంటారు, ఒక్కోసారి ఒక్కరే. దీనికి బదులు నెక్స్ట్, అంటే నేషనల్ ఎగ్జిట్ టెస్ట్ అనే పరీక్ష వస్తుందని, అది ఇక్కడ చదివినవాళ్లూ అక్కడ చదివినవాళ్లూ కలిసి రాస్తారని 2019 చట్టంలోనే ఉంది. 2023లో మళ్లీ వాయిదా వేశారు. అది వచ్చేదాకా ఎఫ్‌ఎంజీఈనే.

ఎందుకు పోతున్నారు? 300లో 30 ప్రశ్నలు ఒక్క కమ్యూనిటీ మెడిసిన్ నుంచే వస్తాయి. అంటే మన టీకాల షెడ్యూలు, మన టీబీ కార్యక్రమం, ఆశా కార్యకర్త చేసే పని. ఇవి జార్జియా రాజధాని త్బిలిసీలో ఎవరు చెబుతారు? మిగతా 19 సబ్జెక్టుల సంగతి చెప్పనక్కర్లేదు, మొదటి ఏడాది అనాటమీ ఐదేళ్ల తర్వాత మళ్లీ అడుగుతారు. రెండో ఏడాది నుంచే మన పుస్తకాలు, మన ప్రశ్నలు పక్కన పెట్టుకుని చదివినవాళ్లకు ఇది గట్టెక్కరాని పరీక్ష కాదు. డిగ్రీ చేతికొచ్చాక హైదరాబాద్‌లో కోచింగ్‌లో చేరి అప్పుడు మొదలుపెట్టేవాళ్లే ఒక్కో ఆరు నెలలు జారవిడుచుకుంటారు.

అయితే పాసైనవాడికి అంతా వచ్చేసినట్టు కాదు. మా క్యాజువాలిటీకి రాత్రిపూట పురుగుల మందు తాగిన రైతును తీసుకొస్తారు. కనుపాపలు గుండుసూది మొనంత అయిపోయి ఉంటాయి, నోట్లో నురగ, ఛాతీలో గరగర. అట్రోపిన్ ఇచ్చి, ఐదు నిమిషాలకోసారి ఛాతీ విని, గరగర పోకపోతే డోసు రెట్టింపు చేసుకుంటూ పోవాలి. చలి దేశంలో చదివిన పిల్లలకు ఈ కేసు పుస్తకంలో ఒక పేజీ. పాముకాటూ అంతే. పొడిగా, శుభ్రంగా ఉన్న గాజు ట్యూబులో కాస్త రక్తం తీసి, కదపకుండా 20 నిమిషాలు ఉంచి, అప్పుడు వంచి చూస్తాం. గడ్డకట్టలేదంటే రక్తపింజర లాంటి పాము విషం ఎక్కిందని యాంటీ వెనమ్ మొదలుపెడతాం. ఒకమ్మాయి చేరిన కొత్తలో ప్లాస్టిక్ ట్యూబులో తీసి, రెండు నిమిషాలకోసారి ఊపి చూస్తోంది. ఇదే ప్రశ్న ఎంసీక్యూగా ఇస్తే కళ్లు మూసుకుని సరైన జవాబు పెట్టేది. నెల తిరిగేసరికి తర్వాత వచ్చినవాళ్లకు తనే చూపిస్తోంది. ఇక్కడి ఏడాది హౌస్ సర్జన్సీ అందుకే. దాన్ని సంతకాల పుస్తకం నింపుకునే పనిగా చూసేవాళ్లంటే నాకు ఒళ్లు మండుతుంది, వాళ్లు ఎక్కడ చదివినా సరే.

పాసయ్యాక రాష్ట్ర మెడికల్ కౌన్సిల్‌లో ప్రొవిజనల్ రిజిస్ట్రేషన్, ఆ తర్వాత 12 నెలల ఇంటర్న్‌షిప్, అప్పుడు పర్మనెంట్ రిజిస్ట్రేషన్. కాలేజీల్లో ఇంటర్న్ సీట్లలో విదేశీ గ్రాడ్యుయేట్లకు 7.5 శాతం అని 2022లో ఎన్‌ఎంసీ చెప్పింది. కాబట్టి కొన్నిసార్లు సీటు కోసం కూడా క్యూ తప్పదు. వాళ్ల దగ్గర ఇంటర్న్‌షిప్‌కు ఫీజు తీసుకోకూడదని, ఇక్కడి వాళ్లతో సమానంగా స్టైపెండ్ ఇవ్వాలని కూడా అదే సర్క్యులర్‌లో ఉంది. ఇస్తున్నారా అని మాత్రం నన్నడక్కండి, ఆ పిల్లల్నే అడగండి.

మొత్తం లెక్కేసుకుంటే ఏడేళ్లు దాటుతుంది. ఈ మధ్యలో పరీక్ష పోయి ఇంట్లో కూర్చున్న కుర్రాడికి నర్సింగ్ హోమ్ నుంచి పిలుపొస్తుంది. "నైట్ డ్యూటీ చెయ్యి బాబూ, నెలకింత ఇస్తాం." రిజిస్ట్రేషన్ లేకుండా ప్రాక్టీస్ చేస్తే ఏడాది దాకా జైలు, ఐదు లక్షల దాకా జరిమానా, లేదా రెండూ అని ఎన్‌ఎంసీ చట్టంలోనే ఉంది. తెల్లారేసరికి ఏదైనా జరిగితే ఆ నర్సింగ్ హోమ్ ఆయన "మాకేం తెలుసు, సర్టిఫికెట్ చూపించాడు" అంటాడు. ఇంకొందరు దొంగదారి చూసుకున్నారు. 2022 డిసెంబర్‌లో సీబీఐ 73 మంది విదేశీ గ్రాడ్యుయేట్ల మీద, 14 రాష్ట్రాల మెడికల్ కౌన్సిళ్ల మీద కేసు పెట్టింది. ఎఫ్‌ఎంజీఈ పాసవకుండానే రిజిస్ట్రేషన్లు అయిపోయాయన్నది ఆరోపణ. కౌన్సిళ్ల పేర్లు కూడా ఎఫ్‌ఐఆర్‌లో ఎక్కడం చూశాక, పాసైన పిల్లల కాగితాలను కూడా ఇప్పుడు పదిసార్లు తిప్పి చూస్తున్నారు.

కాగితాలంటే గుర్తొచ్చింది. ప్రతి సెమిస్టర్ మార్కుల మెమో, పాస్‌పోర్టులో ప్రతి ఎంట్రీ స్టాంపు, ఫీజు రసీదులు, ఇంటర్న్‌షిప్ లాగ్‌బుక్ ఏదీ పారేయొద్దు. క్లాసులు జరిగిన రోజుల్లో మీ అబ్బాయి నిజంగా ఆ దేశంలో ఉన్నాడా అని పాస్‌పోర్టు చూసి లెక్కవేస్తారు. పాత పాస్‌పోర్టు గడువు తీరిందని మూల పడేసిన వాళ్లున్నారు. డిగ్రీని అపోస్టిల్ చేయించడమో, అంటే ఆ దేశ ప్రభుత్వంతో ధ్రువీకరణ ముద్ర వేయించడమో, మన ఎంబసీలో అటెస్ట్ చేయించడమో అక్కడున్నప్పుడే పూర్తిచేసుకోండి. తిరిగొచ్చాక కొరియర్లతో, ఏజెంట్లతో చేయించుకోవడం నరకం.

ఇక్కడికి రెండు చీటీలు వచ్చాయి. మొదటిది, "మా అమ్మాయి రెండో సంవత్సరంలో ఉంది, కాలేజీ బాగాలేదు, వేరే దేశానికి మారొచ్చా?" అని. అమ్మా, 2021 తర్వాత చేరిందంటే కోర్సంతా ఒకే సంస్థలో చదవాలి. ఉక్రెయిన్ వాళ్లకు యుద్ధం వల్ల 2022లో వెసులుబాటు ఇచ్చారు, దాన్ని చూపించి మిగతావాళ్లూ మారొచ్చని చెప్పే ఏజెంట్లను నమ్మకండి. మారాలంటే కొత్తచోట మళ్లీ మొదటి సంవత్సరం నుంచి మొదలుపెట్టాలి. రెండో ఏడాదే కాబట్టి అది కూడా కూర్చుని ఆలోచించాల్సిన సంగతే, నాలుగో ఏడాదైతే నేను ఈ మాట అనేవాణ్ని కాదు. రెండో చీటీ, "ఎన్నిసార్లైనా ఎఫ్‌ఎంజీఈ రాయొచ్చా?" అని. రాయొచ్చు, దానికి పరిమితి లేదు. కానీ చేరిన రోజు నుంచి పదేళ్లలో కోర్సు పూర్తి చేయాలన్న షరతు ఉంది. అక్కడ బ్యాక్‌లాగ్స్ ఉన్నవాళ్లు ముందు ఆ తేదీ లెక్క చూసుకోండి. కాగితాలు తెచ్చుకున్నవాళ్లు ఇలా ముందుకు రండి, ఒక్కొక్కరివి చూద్దాం.