వాండా: బొగ్గు గుట్టల మధ్య తెల్ల చుక్క

[తెర మీద: నల్లటి బొగ్గు గుట్టలు. దూరంగా కదులుతున్న చిన్న తెల్ల చుక్క]

ఆ తెల్ల చుక్క కనిపిస్తోందా? అది మనిషి. పెన్సిల్వేనియా బొగ్గు గనుల దగ్గర ఒంటరిగా నడుస్తున్న ఆడమనిషి. కెమెరా దగ్గరికి వెళ్లదు, వెనకాల మ్యూజిక్ రాదు. ఆమె అలా నడుస్తూనే ఉంటుంది. "ఇంకెంతసేపురా బాబూ" అనిపిస్తే తప్పేం కాదు, మొదటిసారి నాకూ అనిపించింది.

1970లో వచ్చిన ఈ సినిమా పేరు 'వాండా'. ఆ నడుస్తున్నది బార్బరా లోడెన్. కథ, డైరెక్షన్ కూడా ఆమెవే.

నార్త్ కరోలినాలో 1932లో పుట్టింది. టీనేజ్‌లోనే న్యూయార్క్ వచ్చి మోడల్‌గా, నైట్‌క్లబ్ డాన్సర్‌గా పనిచేసింది. 1964లో ఆర్థర్ మిల్లర్ నాటకం 'ఆఫ్టర్ ద ఫాల్'లో నటనకు అమెరికా నాటకరంగంలో పెద్ద అవార్డైన టోనీ వచ్చింది. ఆ నాటకం డైరెక్టర్, హాలీవుడ్‌లో కూడా పెద్ద పేరున్న ఎలియా కజాన్‌ని తర్వాత పెళ్లి చేసుకుంది. ఇక చాలామందికి ఆమె కజాన్ గారి భార్య, అంతే.

[తెర మీద: పాత పేపర్ కటింగ్]

ఒకసారి పేపర్లో ఒక వార్త చదివింది. బ్యాంకు దోపిడీ కేసులో ఒకామెకి 20 ఏళ్ల శిక్ష వేస్తే, ఆమె జడ్జికి థ్యాంక్స్ చెప్పిందట. జైలుకి పంపినందుకు థ్యాంక్స్! లోడెన్ మనసులో నాటుకున్నది అదే, ఈ సినిమా పుట్టింది అందులోంచే.

సినిమాకి అయిన ఖర్చు సుమారు 1,15,000 డాలర్లు. చౌకలో పని అయిపోయే 16 ఎంఎం కెమెరా. యూనిట్ మొత్తం నలుగురు. ఫొటోగ్రఫీ, ఎడిటింగ్ రెండూ నికొలస్ ప్రొఫెరెస్‌వే. దొంగగా మైకేల్ హిగ్గిన్స్ వేశాడు. మిగతావాళ్లలో ఎక్కువమందికి నటన వృత్తి కాదు.

[తెర మీద: కోర్టు సీన్]

ఇక్కడ కాస్త ఆగుదాం. విడాకుల కేసు. వాండా ఆలస్యంగా వస్తుంది, జుట్టు ఉంగరాలు తిప్పుకునే కర్లర్లు తలకి అలాగే ఉన్నాయి. పిల్లలు భర్త దగ్గరే బాగుంటారని జడ్జికి చెప్పేస్తుంది. గొంతు వణకదు. ఈ సీన్‌కి గ్లిజరిన్ చుక్క కూడా ఖర్చు కాలేదు. తల్లి పాత్ర అనగానే ఏడుపు కోసం ఎదురుచూసే మనకి ఏం చేయాలో తోచదు. తిట్టుకుందామంటే మనసొప్పదు, జాలిపడదామంటే ఆమె అడగనే లేదు. నటిగా లోడెన్ సాహసం అంతా అక్కడే ఉందని నా లెక్క.

తర్వాత వాండా ఒక దొంగ వెంట వెళ్లిపోతుంది. వాడు కసురుతాడు, ప్యాంటు వేసుకోవద్దంటాడు. ఈమె వింటుంది. బ్యాంకు దోపిడీ రోజున దారి తప్పి ఆలస్యంగా చేరుకుంటుంది. అప్పటికే అంతా అయిపోయింది.

వెనిస్ ఫెస్టివల్‌లో విమర్శకుల బహుమతి వచ్చింది. అమెరికాలో మాత్రం పెద్దగా ఆడలేదు. లోడెన్ మరో ఫీచర్ ఫిల్మ్ తీయలేకపోయింది. 1980లో, 48 ఏళ్లకే, రొమ్ము క్యాన్సర్‌తో పోయింది. చాలా ఏళ్లకి ఒక ల్యాబ్ మూతపడుతుంటే ఒరిజినల్ రీళ్లు బయటపడ్డాయి. పాత సినిమాలు భద్రపరిచే యూసీఎల్ఏ (లాస్ ఏంజెలెస్‌లోని యూనివర్సిటీ) ఆర్కైవ్ వాటిని బాగుచేసి 2010లో కొత్త ప్రింటు తెచ్చింది. 2017లో ఈ సినిమా అమెరికా నేషనల్ ఫిల్మ్ రిజిస్ట్రీలో, అంటే భద్రంగా దాచుకోవాల్సిన సినిమాల జాబితాలో, చేరింది.

[తెర మీద: చివరి షాట్]

ముక్కూమొహం తెలియనివాళ్ల మధ్య, బార్‌లో, చేతిలో సిగరెట్‌తో వాండా. చుట్టూ పాటలు, తాగుడు. ఆమె కళ్లు దించుకుని ఉంది. ఫ్రేమ్ అక్కడే ఆగిపోతుంది.